యస్ టు ఆల్ నొక్కి వెళ్ళినవాడు

అప్పట్లో మాదాపూర్‌లో ఏ కంప్యూటర్‌కు ఏ జబ్బు చేసినా ఒకటే మందు: ఉన్నదంతా తుడిచేసి ఫార్మాట్ కొట్టెయ్. తలనొప్పి అంటే తల తీసెయ్యమనే ఈ వైద్యులందరికీ ఇంజనీరింగ్ పట్టాలున్నాయి. నాకూ ఉంది కాబట్టి వాళ్ళను తిట్టే హక్కు ఉందనుకుంటాను.

తెలంగాణ ఉద్యమం జోరుగా సాగుతున్న రోజులవి. ఒకే గదిలో ముగ్గురం ఉండేవాళ్ళం. మాది కర్నూలు, ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో తప్పులు వెతికే టెస్టర్‌ని. గుంటూరు నుంచి వచ్చినవాడు అకౌంట్స్ ఉద్యోగి. అందరికన్నా చిన్నవాడు కరీంనగర్ వాడు, చదువు అయిపోయినప్పటి నుంచి ఉద్యోగం కోసం తిరుగుతూనే ఉన్నాడు. ముగ్గురం కలిసి కొన్న డెస్క్‌టాప్ ఒకటి ఉండేది. టీవీలో జరిగిన ప్రతి చర్చా గదిలో ఆ ఇద్దరి మధ్యా మళ్ళీ జరిగేది. టీవీలో అరిచినవాళ్ళు బయటికొచ్చి కలిసి టీ తాగుతారన్న ఇంగితం ఈ ఇద్దరికీ లేదు.

ఒక బంద్ రోజు పొద్దున కూర ఎవరు వండాలన్న గొడవ మొదలై, హైదరాబాద్ ఎవరిదన్న దగ్గర ఆగింది. ఇద్దరికీ ఈ ఊళ్ళో సెంటు భూమి లేదు. ఉన్నది కిరాయి గది.

"గంత కష్టమైతే నీ సామాన్ తీస్కొని పో," అన్నాడు చిన్నవాడు.

"పోతాలే. నాదన్నది ఒక్కటి కూడా మిగల్చను," అన్నాడు గుంటూరు వాడు.

బట్టలు, కుక్కరు, బకెట్ సర్దుకున్నాడు. అంతటితో కసి తీరక, కంప్యూటర్‌లో తను ఎక్కించిన అకౌంట్స్ ప్రోగ్రాం కూడా తీసెయ్యడానికి కూర్చున్నాడు. ఈ ఫైళ్ళను వేరే ప్రోగ్రాములు కూడా వాడుతుండొచ్చు, తీసెయ్యమంటావా అని అది మర్యాదగా అడిగిందట. అన్నిటికీ కలిపి ఒకేసారి సరే అనే యస్ టు ఆల్ నొక్కి, బకెట్ పట్టుకుని కొండాపూర్‌లో వాళ్ళ పిన్ని ఇంటికి నడిచిపోయాడు.

ఆ సాయంత్రంలోగా చిన్నవాడు తను రాసిన ఒక ప్రోగ్రాంలో చివరి మార్పులు చేసి ఒక కంపెనీకి మెయిల్ పంపాలి. అది నచ్చితేనే ఉద్యోగం. తెరవబోతే ఫలానా డీఎల్ఎల్ ఫైలు దొరకలేదని వచ్చింది.

డీఎల్ఎల్ అంటే బ్రహ్మవిద్యేం కాదు. ప్రతి ప్రోగ్రామూ విడిగా రాసుకోకుండా, నలుగురూ వాడుకునేలా ఒకచోట పెట్టిన ఫైలు. కాంపౌండ్‌లో బోరింగు లాంటిది. వేయించినవాడు వెళ్తూ వెళ్తూ పీక్కుపోతే నీళ్ళు అందరికీ ఆగిపోతాయి. అకౌంట్స్ ప్రోగ్రాంతో వచ్చిన ఫైలు మీదే చిన్నవాడి పనంతా నడుస్తోందని ఆ మహానుభావుడికీ తెలియదు, వీడికీ తెలియదు.

వీడు ఊరుకున్నాడా? అదే పేరున్న ఫైలు ఏదో వెబ్‌సైట్‌లో దొరికితే దింపి సిస్టమ్ ఫోల్డర్‌లో పడేశాడు. పేరు అదే, వెర్షను వేరు. తనకు కావలసిన పని ఆ ఫైల్లో లేదని ప్రోగ్రాం మళ్ళీ మొరాయించింది. గోరుచుట్టు మీద రోకటిపోటు. స్నేహితులకు ఫోన్ చేస్తే అందరూ ఫార్మాట్ కొట్టమన్నారు. రాసినదంతా ఆ కంప్యూటర్‌లోనే ఉంది. వాడు నేల మీద కూలబడి ఏడ్చాడు.

నేను ఆ దొంగ ఫైలు తీసేసి, "అసలుది వాని అకౌంట్స్ ప్రోగ్రాం సీడీలోనే ఉంటుంది, ఫోన్ చెయ్యి," అన్నాను.

"నేను చెయ్య. గంత మాట అన్నంక ఏం మొకం పెట్టుకొని అడగాలె?"

ఉద్యోగం పోయినా పర్వాలేదు, మొహం మాత్రం చెక్కుచెదరకూడదు. నాకు ఒళ్ళు మండి నేనే చేశాను.

"నువ్వు తీసింది నీ ప్రోగ్రాం ఒకటే కాదురా. వీని నోటికాడి కూడు తీసినావు."

బంద్ కదా, ఆటోలు లేవు. ఎండలో నడిచి వచ్చాడు. సీడీ పెట్టి, ప్రోగ్రాం మళ్ళీ ఎక్కించాడు. చిన్నవాడిది తెరుచుకుంది. చీకటి పడకముందే మెయిల్ వెళ్ళింది.

"చాయ్ పెడ్త. తాగి పో అన్న."

"పిన్ని ఎదురుచూస్తుంటుందిరా. ప్రోగ్రాం అలాగే ఉంచాను, తియ్యకండి," అని వెళ్ళిపోయాడు. పొద్దున్నుంచి ఇద్దరినీ తిట్టిన నేను మెట్ల దాకా వెళ్ళి వెనక్కి వచ్చాను.

ఉద్యోగం వచ్చింది. పక్కనే ఉన్న నాకు చెప్పకముందే చిన్నవాడు గుంటూరు వాడికి ఫోన్ చేశాడు.

"అన్న, జాబొచ్చింది. నీ ప్రోగ్రాం గట్లనే ఉంది, తియ్యలే. ఎప్పుడొస్తవ్?"

ఏమన్నాడని అడిగాను. చూద్దాంలేరా అన్నాడట. రాలేదు. తర్వాత గది ఖాళీ చేసేటప్పుడు ఆ కంప్యూటర్ ఎవరిదన్న ప్రశ్న వచ్చింది. "నువ్వు తీస్కో అన్న," అన్నాడు చిన్నవాడు. నువ్వే తీసుకో అన్నాను నేను. ఇద్దరం దాన్ని గుంటూరు వాడి ప్రోగ్రాంతో సహా అక్కడే వదిలేసి కిందికి దిగాం.