ఎదురింటి చిలకపచ్చ చీర

ఆ రోజుల్లో నాకు ధైర్యం ఎక్కువనే పేరుండేది. పేపర్లో ఫొటోగ్రాఫర్‌గా ఉన్నన్నాళ్లూ లాఠీఛార్జీల మధ్య నిలబడి ఫొటోలు తీశాను కాబట్టి ఆ పేరు ఊరికే వచ్చింది కాదు. ధైర్యంలోనూ సబ్జెక్టులుంటాయని, ఒకదాంట్లో పాసైనవాడికి ఇంకోదాంట్లో సున్నా రావచ్చని, ఉద్యోగం మానేసి ఓ చిన్న సినిమాకు కెమెరామన్‌నయ్యాకే తెలిసింది.

డైరెక్టరు మా పిన్ని కొడుకు. వారమంతా పోచారంలో సాఫ్ట్‌వేర్, ఆదివారం సినిమా (శనివారం నిద్ర). నాచారంలో నా అద్దెగదే మా స్టూడియో. కిటికీ దగ్గర హీరోయిన్ తండ్రితో మాట్లాడి, ఆయన వెళ్లిపోయాక ఏడవాలి. ఆమె వెనక, ఎదురింటి డాబా మీద ఆరేసిన చిలకపచ్చ చీర గాలికి ఊగుతోంది. "అన్నయ్యా, సీనుకు ప్రాణం ఆ చీరే," అన్నాడు మావాడు. తండ్రి వెళ్లిపోయేదాకా తీసేసరికి ఎండ తగ్గింది. ఏడుపు వచ్చే ఆదివారానికి వాయిదా వేశాం.

ఆ ఆదివారం కిటికీ తెరిస్తే తీగ మీద చీర లేదు. ఒక ఖాకీ ప్యాంటు తలకిందులుగా వేలాడుతోంది. సగం సీన్లో ఉన్న చీర మిగతా సగంలో లేకపోతే అతకదు. తండ్రి వేషం వేసిన పెద్దాయన ఊళ్లో లేడు కాబట్టి మొదటినుంచీ తీయలేం. హీరోయిన్ మర్నాడే పుణెలో ఉద్యోగానికి వెళ్లిపోతోంది. ఇవాళ చీర దొరక్కపోతే నా మొదటి సినిమా అక్కడితో సరి. "నువ్వే వెళ్లాలి అన్నయ్యా. ఫ్రేములో ఏం లేకపోయినా కెమెరామన్‌దే బాధ్యత," అన్నాడు మావాడు, తలుపు చాటుకు జరుగుతూ. పేపర్లో పనిచేసినంతకాలం జరిగిపోయినదాన్ని మళ్లీ జరపమని ఎవరినీ అడిగి ఎరగను. మెట్లు దిగుతూ వాక్యం ఎన్ని రకాలుగా కూర్చుకున్నా, ప్రతి రకంలోనూ నేను తన్నులు తినేవాడిలాగే ఉన్నాను.

ఎదురింటాయన హెడ్ కానిస్టేబులు. గేటు దగ్గర స్టూలు మీద కూర్చుని బూట్లు పాలిష్ చేసుకుంటున్నాడు. "ఏంది తమ్మీ?"

"సార్, ఎదురింట్లో ఉంటాను. పోయిన ఆదివారం మీ డాబా మీద ఒక చీర ఆరేశారు..."

"ఏ చీర?"

"చిలకపచ్చది సార్. ఎర్రంచు."

బ్రష్షు ఆగింది. "అంచు గూడ సూసినవా?"

ఆయన లేచి గేటు గొళ్లెం తీశాడు. "జర లోపల్కి రా. ఏమే, గీ పిల్లగాడు నీ చీర అడుగుతుండు." వెనక్కి చూశాను. మా కిటికీ అప్పటికే మూసేసి ఉంది.

ఆవిడ తడిచేతులతో వచ్చింది. సినిమా, తండ్రి, పుణె అన్నీ తలాతోకా లేకుండా చెప్పాను. అంతా విని ఆవిడే, "గా చీర ఇల్లు తుడిసేతందుకు తీసిపెట్టిన పాతది. సినిమల నాకు ఇజ్జత్ ఉండొద్దా? పట్టుచీర ఆరేస్త తియ్యి," అంది.

"పచ్చదే కావాలక్కా."

"పచ్చదే ఆరేస్త. నేను పట్టుది కట్టుకొని పక్కన నిలబడ్త. లేకుంటే గీ ఇంట్ల గదొక్కటే చీర ఉన్నదనుకుంటరు."

ఒప్పుకోక చేసేదేముంది? హీరోయిన్ ఏడుస్తున్నంతసేపూ వెనక ఆవిడ జరీ మెరుపులతో కదలకుండా నిలబడింది. మొదటి సగంలో లేని ఆవిడను లెన్సుతో ఎంత మసక చేయొచ్చో అంతా చేశాను.

ఉప్పల్‌లో ఒక ఫంక్షన్ హాల్లో తెర కట్టి సినిమా వేసినప్పుడు ఎదురింటి భార్యాభర్తలు నాకు అటూ ఇటూ కూర్చున్నారు. ఆ సీను రాగానే ఆయన నా చెవి దగ్గరకు వంగాడు. "మా ఆమెను గిట్ల మసక జేసినవేంది తమ్మీ?" నేను తలుపు ఎటుందో చూశాను. "ఊకో. బంగారం లెక్క మెరుస్తున్న," అని ఆవిడే నన్ను బతికించింది.

ఇప్పుడు నేను చేసే సినిమాలకు చీరలూ తీగలూ ఆర్ట్ డిపార్టుమెంటు వాళ్లే వ్యానులో తెస్తారు. గాలికి ఒక ఫ్యాను కూడా పెడతారు. ఎవరి గేటు ముందూ నిలబడి అడగక్కర్లేదు. అయినా ఫ్రేము పెట్టాక ఆ చీరల పక్కన నా కళ్లు కాసేపు ఎవరికోసమో వెతుకుతాయి.