కోర్టు వరండాలో తాతయ్య పేరు

నా చిన్నప్పుడు, చనిపోయిన మా తాతయ్య చెప్పులను నానమ్మ రోజూ పొద్దున తుడిచి గడప పక్కన పెట్టేది. చీకటి పడగానే లోపలికి తీసేది. చూసినవాళ్లు ఆయన ఇంట్లోనే ఉన్నాడనుకోవాలి.

మేము నాంపల్లి స్టేషన్ వెనక సందులో కిరాయి ఇంట్లో ఉండేవాళ్లం. మా అమ్మానాన్నలు మెదక్‌లో బడిపంతుళ్లు. చదువు కోసం నన్ను నానమ్మ, తాతయ్యల దగ్గర ఉంచారు. ఇంటి యజమానికి ఆబిడ్స్‌లో బట్టల దుకాణం. కొడుకు కాపురానికి ఇల్లు కావాలని ఆయన కేసు వేస్తే, కింది కోర్టు మమ్మల్ని ఖాళీ చేయమంది. తాతయ్య పై కోర్టులో అపీలు వేసి, అది తేలేదాకా ఎవరూ కదిలించకుండా స్టే తెచ్చుకున్నాడు. అపీలు నడుస్తుండగానే తన చెల్లెలిని చూసి వస్తానని మెదక్ వెళ్లి, ఉన్నట్టుండి అక్కడే పోయాడు. అక్కడి చర్చి సమాధుల దగ్గరే పాతిపెట్టారు. మా సందులో ఎవరికీ తెలియలేదు.

కేసు తాతయ్య పేరు మీద ఉంది. ఆ పేరు పోతే స్టే పోతుందని, మరునాడే సామాను బజార్లో పడుతుందని నానమ్మ భయపడింది. "మీ తాత ఉన్నడు. జ్వరమొచ్చి పండుకున్నడు. ఎవరడిగినా గంతే" అని నాకు చెప్పింది. అమ్మానాన్నలు వద్దన్నా వినలేదు. మా వకీలుకు కూడా నిజం చెప్పలేదు. యజమాని మనిషి సందులోకి రాగానే లోపలి గది వైపు తిరిగి, "ఏమయ్యా, చాయ్ పెట్టాల్నా?" అని అడిగేది. అడిగి కాస్త ఆగేది. ఆ ఆగడమే నన్ను భయపెట్టేది. కొన్నాళ్లకు నేను కూడా జవాబు కోసం చెవి ఒగ్గి వినసాగాను. ఒంటరిగా ఉన్న మధ్యాహ్నాల్లో దాహమైనా సరే, ఆ గది దాటి నీళ్ల కుండ దాకా వెళ్లలేకపోయేదాన్ని.

వాయిదాలకు నన్ను వెంట తీసుకెళ్లేది. కోర్టు గది బయట బంట్రోతు నిలబడి తాతయ్య పేరు గట్టిగా పిలిచేవాడు. పొడుగాటి వరండాలో ఆ పేరు మోగుతూ మెట్ల దాకా వెళ్లేది. నానమ్మ లేచి "జ్వరం సారూ" అనేది.

యజమాని వకీలు ఒకసారి నవ్వాడు. "ఏం జ్వరమమ్మా అది? క్యాలెండర్ చూసుకొని వస్తదా?"

"ముసలోళ్ల జ్వరం సారూ. మీకు గూడ వస్తది, తొందరపడకుండ్రి."

తర్వాతి వాయిదాకు పేరు పిలిచాక మేము లోపలికి వెళ్లి నిలబడ్డాం. నేను మాత్రం వెనక్కి తిరిగి వాకిలి వైపే చూస్తున్నాను. జడ్జిగారు కాగితాల మీంచి తలెత్తారు. "ఎవరి కోసం బిడ్డా?"

"మా తాతను పిలిచిన్రు కద సార్. మట్టిల పెట్టినంక గూడ పిలిస్తే వస్తరా అని చూస్తున్న."

నానమ్మ చేయి నా భుజం మీద బిగిసింది. మోసం చేశారు, అపీలు కొట్టేయాలని యజమాని వకీలు లేచాడు. జడ్జిగారు ఆయన చెప్పేదంతా విని, "చనిపోయిన మనిషి మీద తీర్పు రాస్తే అది ఎవరికి చెప్పాలె వకీల్‌సాబ్?" అన్నారు. తర్వాత నానమ్మ వైపు తిరిగారు. "దాచిపెట్టుడు తప్పమ్మా. కానీ ఆయన జాగల నువ్వు నిలబడొచ్చు. ఆలస్యం ఎందుకైందో రాసియ్యి. వాళ్ల మాట గూడ వింట. అప్పటిదాంక నిన్ను ఎవ్వరు కదిలియ్యరు."

మెదక్‌లో మన్ను వేసినప్పుడు ఏడవని నానమ్మ, అక్కడ గోడకు ఆనుకొని ఏడ్చింది.

ఇరువైపుల వాదన విన్నాక ఆలస్యాన్ని మన్నించారు. ఆ పైన బంట్రోతు నానమ్మ పేరు పిలిచాడు. "ఉన్న సారూ" అంది. జడ్జిగారు తాతయ్య వాంగ్మూలం తీసి చదివారు. యజమానికి ఖైరతాబాద్‌లో మరో ఇల్లుందని కిరాయిదారు చెప్పాడు కదా, కింది తీర్పులో దాని ఊసే లేదేమని అడిగారు. ఆ ఇల్లు కేసుకు ముందే అమ్ముడుపోయిందని యజమాని వకీలు ఫైలులోని సాక్ష్యం చూపించాడు. చివరికి మేమే ఓడిపోయాం. ఎందుకు ఓడిపోయామో ఒక్కొక్క సంగతీ తీర్పులో రాశారు. ఖాళీ చేయడానికి గడువూ ఇచ్చారు.

నా చదువు పదో తరగతితో ఆగింది. మిగతాదంతా అఫ్జల్‌గంజ్ లైబ్రరీలో నాకు నేనే చదువుకున్నాను, ఆ సంగతి చెప్పుకోవడం నాకు ఇష్టం. అపీలు కోర్టు కింది తీర్పుకు ఊరికే తలూపకూడదని, సాక్ష్యాన్ని తానే మళ్లీ తూచి కారణాలు రాయాలని అక్కడి చట్టం పుస్తకంలో చదివిన రోజు, పుస్తకం మూసేశాను. అందులో కొత్తేమీ లేదు. నేను కళ్లారా చూసిందే.

ఇల్లు వదిలిన రోజు, సామాను బండికెక్కాక నానమ్మ గడప మీద నిలబడి ఖాళీ గదితో మాట్లాడింది. "ఏమయ్యా, పోతున్నం. జడ్జి నీ మాట మొత్తం చదివిండు." ఈసారి జవాబు కోసం ఆగలేదు. చెప్పులు చేత పట్టుకొని నడిచింది.

ఇప్పటికీ దవాఖానలోనో బ్యాంకులోనో ఎవరి పేరైనా పిలిచి, ఎవరూ లేవకపోతే వాకిలి వైపు చూస్తాను. తర్వాతి పేరు పిలవబోతుంటే ఉండబట్టలేక లేచి అంటాను: "జర ఆగుండ్రి. వాళ్ల తరఫున ఎవరన్న వచ్చిన్రేమో అడుగుండ్రి."