ఉస్తాద్ తోయని రోజు

సూర్యప్రకాశరావు గారికి ఒక్కటే జబ్బు: తన సినిమా కథ చెప్తూ చెప్తూ ఎదుటివాణ్ణి తోసేస్తారు.

నిజాం కాలం నాటి కథ. గడియారాలు చేసే ఉస్తాద్‌కి తనంతటివాడు మరొకడు ఉండకూడదని పంతం. శిష్యుడి పనితనం తనని మించిపోయేసరికి మతి చెడి, గడియార స్తంభం మీంచి వాణ్ణి తోసేస్తాడు. అక్కడికి వచ్చేసరికి ఈయనకి ఒళ్ళు తెలియదు. చిక్కడపల్లిలో పాలవాడు అరుగు మీంచి పడ్డాడు. నారాయణగూడ ఇరానీ హోటల్లో ఒక పెద్దమనిషి చాయ్‌తో సహా బోర్లాపడ్డాడు. తెలిసినవాళ్ళు గోడకి ఆనుకునే వినేవాళ్ళు.

"జర దూరంకెళ్ళి చెప్పు సారూ, మొన్నటి నడుంనొప్పే ఇంక పోలే" అనేవాడు ఇస్త్రీ ముత్యాలు.

ఉద్యోగం వదిలేసి కథ పట్టుకు వేలాడుతున్న మనిషిని భార్య వేదవతి తిట్టని రోజు లేదు. ఆయన కోసం మొక్కని దేవుడూ లేడు. తొంభై నాలుగులో ఆ దేవుళ్ళలో ఎవరో విన్నారు. నిర్మాత కృష్ణయ్య గారు కథ వినడానికి అశోక్ నగర్‌లో వాళ్ళింటికే వచ్చారు. వేదవతి ముందుజాగ్రత్తగా ఆయన కుర్చీ గోడకి చేర్చి వేసింది.

కథ జోరుగా సాగింది. కృష్ణయ్య గారు కాఫీ తాగడం మర్చిపోయారు. సరిగ్గా శిష్యుడు స్తంభం ఎక్కే వేళకి, గ్లాసులు తీయడానికొచ్చిన పనిమనిషి ఈదమ్మ గుమ్మంలో నిలబడి వినసాగింది. పాలమూరు నుంచి కూలికి వచ్చిన మనిషి. కిందటి వేసవిలోనే ఆమె కొడుకు అంజి, కడుతున్న మేడ మీంచి పడి చనిపోయాడు.

సూర్యప్రకాశరావు గారు తోయడానికి చేతులెత్తారు. ఎత్తిన చేతులు అలాగే ఉండిపోయాయి.

"ఉస్తాద్... వాణ్ణి వెనక్కి లాగేశాడండి. 'జాగ్రత్త నాయనా' అన్నాడండి."

"అదేమిటి, చంపడా?"

"చంపడండి."

"చంపకపోతే ఇంక సినిమా ఏముందండీ!" కృష్ణయ్య గారు లేచి చెప్పులేసుకున్నారు.

ఆయన గేటు దాటగానే వేదవతి మండిపడింది. "ఊరందర్నీ తోశారు! తోయాల్సిన రోజున చేతులు పడిపోయాయా?"

"అప్పుడు ఈదమ్మ వింటోంది, వేదా."

"పోనీ, ఆవిడ లేనప్పుడు మళ్ళీ పిలిచి చెప్పండి."

"ఇంక చెప్పలేను. ఆ కుర్రాడు నాకిప్పుడు అంజిలాగే కనపడుతున్నాడు."

తిట్టబోయిన వేదవతికి ఏడుపొచ్చింది. ఆయన జీవితమంతా ఆ కథే.

మర్నాడు ఈదమ్మ గిన్నెలు తోముతూ తోముతూ ఆగింది. "సారూ, ఆ పిలగాడు కిందికి మంచిగనే దిగిండా?"

"దిగాడమ్మా. ఇంటికెళ్ళి వాళ్ళమ్మ చేతి అన్నం తింటున్నాడు."

"ఏం కూరతోని?"

సూర్యప్రకాశరావు గారు వంటింటి వైపు చూశారు.

"చింతచిగురు పప్పు" అంది వేదవతి వంటింట్లోంచి. "మారు కూడా వేయించుకున్నాడు."