ఆపరేటర్ కథలో చివరి హలో

ఫుట్‌బాల్ ప్రపంచ కప్ ముగిసిన మరుసటి వేసవిలో దోహాలోని మా ప్రచురణ సంస్థ నన్ను పాఠ్యపుస్తకాల విభాగం నుంచి బొమ్మల కథల విభాగానికి మార్చింది. హోదా అదే, ప్రొడక్షన్ మేనేజర్. పని మాత్రం పూర్తిగా కొత్తది. అమెరికాలో వచ్చే కామిక్ పుస్తకాల హక్కులు కొని అరబ్బీలో తేవాలి. అనువాదం చేయించడం, బొమ్మలను సరిచేయించడం, అక్షరాలు పేర్పించడం, చివరి ప్రూఫు మీద సంతకం పెట్టి ప్రెస్సుకు పంపడం నా వంతు. ఏ పుస్తకం ఎలా రావాలన్న తుది నిర్ణయం నాది కాదు. అది మా ఎడిటోరియల్ డైరెక్టర్ నబీల్ గారిది.

బయటివాళ్లకు ఈ పని తేలికగా కనిపిస్తుంది. ఇంగ్లీషు తీసేసి అరబ్బీ పెట్టడమే కదా అంటారు. అరబ్బీ కుడి నుంచి ఎడమకు చదివే భాష. అందుకని మేము పేజీ మొత్తాన్ని అద్దంలో చూసినట్టు తిప్పేవాళ్లం. తిప్పగానే కుడిచేతివాటం మనిషి ఎడమచేతివాటం అవుతాడు, చొక్కా గుండీలు అటుపక్కకు పోతాయి, దుకాణం బోర్డు మీది అక్షరాలు తిరగబడతాయి. అవన్నీ ఒక్కొక్కటే దిద్దాలి. ఆ తర్వాత పాత్రల మాటలుండే బెలూన్లు. ఇంగ్లీషు మాటలకని గీసిన బెలూన్‌లో అరబ్బీ వాక్యాన్ని బిగుతుగానూ వదులుగానూ లేకుండా కుదర్చడం ఒక విద్య. ఆ పని చేసేవాణ్ణి లెటరర్ అంటారు.

మా లెటరర్ రాజేశం. కరీంనగర్ జిల్లావాడు, హైదరాబాదులో ఫైన్ ఆర్ట్స్ చదివాడు. దోహాకొచ్చిన కొత్తలో బోర్డులు రాసే కంపెనీలో చేసి అక్కడే అరబ్బీ లిపి నేర్చుకున్నాడు. భార్య స్వరూప ఒక క్లినిక్‌లో ల్యాబ్ టెక్నీషియన్. అల్ మన్సూరాలో రెండు గదుల ఫ్లాట్. నేను, మావారు పక్కనే అల్ ముంతజాలో ఉండేవాళ్లం కాబట్టి రాకపోకలు ఉండేవి. ఆఫీసులో అతనికి నేను మేడమ్‌ని, వాళ్లింట్లో స్వరూపకు అక్కని.

మాకు వచ్చిన మొదటి సిరీస్ దయ్యాల కథ. అమెరికా కామిక్స్‌లో దయ్యాలకు ప్రత్యేకమైన పీట ఉంది. మన కథల్లో దయ్యం భయపెట్టడానికో, తీరని కోరిక తీర్చుకోవడానికో వస్తుంది. వాళ్ల కథల్లో దయ్యం హీరో కూడా అవుతుంది. అన్యాయంగా చచ్చిపోయినవాడు తన ఊరిని కాపాడటానికి తిరిగొస్తాడు. గోడల్లోంచి నడిచిపోగలడు కానీ కప్పు కాఫీ ఎత్తలేడు. విలన్ దయ్యం అలా కాదు. బతికున్నప్పుడు పట్టుకున్నది వదలలేక తిరుగుతుంటాడు. హీరో లేత నీలంలో ఉంటే విలన్ పాచి రంగులో ఉంటాడు. ఇద్దరికీ నడుము కిందనుంచి రూపం పొగలా చెదిరిపోతుంది.

మొదటి రోజు పేజీలు చూసి రాజేశం నవ్వాడు. "మన దిక్కు దయ్యాలకు కాళ్లు ఎన్కకు ఉంటయి మేడమ్. వీళ్లకు అసల్కే లేవు. తిప్పినా ఏం ఫరక్ పడదు. మనకు పని తక్కువ."

కానీ ఈ సిరీస్ ఆ మూసలోది కాదు. ఆనకట్ట తెగి ఒక చిన్న పట్నం మునిగిపోయిన రోజున, టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో కూర్చుని ఆఖరిదాకా ఇల్లిల్లూ హెచ్చరించి చనిపోయిన ఆపరేటర్ ఇందులో హీరోయిన్. ఆఫీసులో మేమందరం ఆమెను ఆపరేటర్ అనే పిలిచేవాళ్లం. తెగిపోయిన తీగల్లోంచి ఆమె గొంతు వినిపిస్తుంది. ప్రమాదం రాబోతోందని ఊళ్లోవాళ్లకు చెబుతుంది. విలన్ ఆ ఆనకట్ట యజమాని. ఊళ్లో తిరుగుతూ అందరికీ ఆజ్ఞలు జారీ చేస్తుంటాడు. ఎవరూ వినరు. తన మాట లెక్కచేయడం లేదని కక్షతో వాళ్లకు కీడు చేస్తాడు. మామూలు మనిషి రంగులోనే, కాళ్లతోనే గీశారు అతన్ని.

సిరీస్ మొత్తం చదివాకే అక్షరాల పని మొదలుపెట్టాలన్నది నేను పాఠ్యపుస్తకాల రోజుల నుంచీ పాటించిన పద్ధతి. అలా చదువుతుంటే ఒక సంగతి కంటపడింది. ఆపరేటర్ మాట్లాడే ప్రతి బెలూన్ అంచూ వణుకుతున్న గీత. అది దయ్యం గొంతుకు గుర్తు. యజమాని బెలూన్ అంచు బతికున్నవాళ్లదిలాగే తిన్నటి గీత. చివరి సంచికలో అతను ఆపరేటర్ దగ్గరికి వచ్చి తన కూతురికి ఫోన్ కలపమంటాడు. ఆమె కలుపుతుంది. అవతల కూతురు "హలో, ఎవరు?" అంటుంది. ఇతను మాట్లాడతాడు. ఆమెకు వినపడదు. మళ్లీ "ఎవరు?" అని ఫోన్ పెట్టేస్తుంది. ఆఖరి బొమ్మలో అతను రిసీవరు పట్టుకుని ఇంకోసారి "హలో" అంటాడు. ఆ ఒక్క బెలూన్ అంచు వణుకుతుంది.

అంటే వరదలో అతనూ పోయాడు. ఆ సంగతి అతనికి తెలియదు. తెలిసిన క్షణం అదే. కథలో ఎక్కడా ఎవరూ నోటితో చెప్పరు. ఆ గీత చెబుతుంది.

రాజేశానికి చూపిస్తే మొదట కొట్టిపారేశాడు. "గిది తప్పు మేడమ్. అక్కడి లెటరర్ ఆఖరి పేజీ తొందర్ల చేసిండు." నేను పాత సంచికలు ముందేసి, ఒక్కొక్క బెలూన్ మీద వేలు పెట్టి చూపించాను. అతను కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు. మొదటి సంచిక నుంచి తనే తిరగేశాడు. తర్వాత తనలో తాను అనుకున్నట్టు అన్నాడు. "అంటే ఊరోళ్లు మాట ఇంటలేరని ఈయన కోపం. వాళ్లకు ఈయన ఇనబడనే ఇనబడడు."

ఆ రోజు నుంచి అతను ఆ సిరీస్‌ను కళ్లకద్దుకుని చేశాడు. అరబ్బీలో అక్షరాల మధ్య గీతను సాగదీసే వీలుంది. దానితో ఆపరేటర్ మాటల్ని తీగ మీద జారుతున్నట్టు సాగదీశాడు. యజమాని మాటల్ని కురచగా, ఆఫీసు హుకుంలా పేర్చాడు. సంస్థలో నేను చూసిన పనుల్లో అంత మంచి పని ఇంకొకటి లేదు.

సిరీస్‌ను రెండు భాగాలుగా వేశాం. మొదటి భాగం దుకాణాలకు వెళ్లాక చిక్కు మొదలైంది. యజమాని బతికున్నవాడా, చచ్చినవాడా అర్థం కావడం లేదని కొనుగోలుదారులు అడుగుతున్నారని అమ్మకాల విభాగం చెప్పింది. కొందరు తల్లిదండ్రులకు ఇంకో సందేహం. అరబ్బీలో షబహ్ అంటే దయ్యం. ఎవరు షబహ్, ఎవరు మనిషి అన్నది పిల్లలకు చూడగానే తెలియాలి కదా అన్నారట.

నబీల్ గారు మమ్మల్నిద్దర్నీ పిలిచారు. ఆయన చెడ్డవాడు కాదు. గొంతు పెంచడం నేనెప్పుడూ వినలేదు. రెండో భాగంలో చనిపోయినవాళ్లందరికీ ఒకే రకం బెలూన్, వణుకు అంచుతో, పెట్టమన్నారు. మొదటి భాగం మళ్లీ అచ్చు వేసేటప్పుడు దానిలోనూ అలాగే మార్చమన్నారు. నేను చివరి పేజీ తెరిచి విషయం వివరించాను. ఆయన శ్రద్ధగా విన్నారు. చాలా బాగుంది అన్నారు. "కానీ దీన్ని మీరు నాకు చెప్పాల్సి వచ్చింది. పాఠకుడి పక్కన మీరు కూర్చోరు కదా."

మధ్యేమార్గం ఒకటి సూచించాను. బెలూన్లను ఉన్నట్టే ఉంచి, పుస్తకం మొదట్లో పాత్రల పరిచయం వేసి, యజమాని కూడా వరదలో మరణించాడని ఒక వాక్యం రాద్దాం అన్నాను. నబీల్ గారు తలూపారు. ఆయన ఒప్పుకునేవారనే ఇప్పటికీ నా నమ్మకం. ఒప్పుకోనిది రాజేశం.

"ముందుగాలనే చెప్పినంక ఇంకేం మిగుల్తది సార్?" అన్నాడు నబీల్ గారికి అర్థమయ్యేలా హిందీలో, తర్వాత నావైపు తిరిగి తెలుగులో. "ఆయనకే తెల్వని ముచ్చట చదివెటోనికి మొదటి పేజీలనే జెప్తరా మేడమ్? మీరే గద చూపిచ్చింది నాకు!"

బయటికొచ్చాక నచ్చజెప్పాలని చూశాను. వాక్యం ఒకటి ఎక్కువైతే పోయేదేమీ లేదు, గీత దక్కుతుంది కదా రాజేశం గారూ అన్నాను. ఆ ఫైలు తాను ముట్టనన్నాడు. సాయంత్రం వాళ్లింటికి వెళితే స్వరూప టీ ఇస్తూ మెల్లగా అంది. "జర మీరన్న చెప్పుండ్రి అక్కా. కాంట్రాక్టు దగ్గరికొచ్చింది. గీత కోసం నౌకరి పోగొట్టుకుంటరా ఎవరన్న?" రాజేశం అక్కడే ఉన్నాడు. టీవీ చూస్తున్నట్టు కూర్చున్నాడు కానీ టీవీ ఆపేసి ఉంది.

రాజేశం ఒప్పుకోకపోయేసరికి నబీల్ గారు తన మొదటి నిర్ణయానికే వచ్చారు. అమెరికా ప్రచురణకర్తలకు నేను రాశాను. మూల రచయితలు అభ్యంతరం చెబితే నబీల్ గారు ఆగుతారని ఆశ. మర్యాదగా జవాబు వచ్చింది. ఒప్పందం ప్రకారం అక్షరాలు, బెలూన్ల విషయం స్థానిక సంస్థ ఇష్టానికే వదిలేశామని, తాము కలగజేసుకోలేమని. ఒప్పందం తీసి చూస్తే నిజంగానే అలాగే ఉంది.

రెండో భాగం ఫైళ్లు బయటి స్టూడియోకు వెళ్లాయి. అక్కడి లెటరర్‌కు తన పని బాగానే వచ్చు. చెప్పింది చెప్పినట్టు చేసి పంపాడు. రాజేశం కాంట్రాక్టు పొడిగించలేదు. కోపంతో కాదు. పని బయట జరుగుతున్నప్పుడు ఆ పోస్టు ఎందుకన్నారు పైవాళ్లు. వెళ్లేరోజు తన కలాలు, రూళ్లకర్ర సంచీలో వేసుకుని, అందరికీ సలాం చెప్పి, నా బల్ల దగ్గర ఆగాడు. ఏదో అంటాడనుకున్నాను. "ఖలాస్ మేడమ్" అని నవ్వి వెళ్లిపోయాడు.

చివరి ప్రూఫు నా దగ్గరికే వచ్చింది. ఆఖరి బొమ్మ అచ్చం పాతదానిలాగే ఉంది. అదే మనిషి, అదే రిసీవరు, అదే వణుకు అంచు. ఒక్క చుక్క కూడా మారలేదు. మారింది దానికి ముందున్న పేజీలన్నీ. వాటిలోనూ అతని గొంతు వణుకుతూనే ఉంది కాబట్టి ఆఖరి వణుకుకు అర్థం పోయింది. కూతురు ఫోన్ పెట్టేసింది, తండ్రి ఇంకోసారి హలో అన్నాడు, అంతే.

పుస్తకం మీద ఫిర్యాదులు రాలేదు. అమ్మకాలూ లేవు. కొంతకాలానికి సంస్థ బొమ్మల కథల విభాగాన్నే ఎత్తేసింది. నన్ను మళ్లీ పాఠ్యపుస్తకాలకు పంపారు.

విభాగం ఎత్తేయకముందు ఒక పుస్తక ప్రదర్శనలో మా స్టాల్ దగ్గర నేనున్నప్పుడు ఒక అరబ్ ఉపాధ్యాయురాలు వచ్చింది. రెండు భాగాలూ చదివిందట. ఆపరేటర్ తనకు బాగా నచ్చిందట. "కానీ ముగింపు ఏమిటి? ఫోన్ కట్ అయితే కథ అయిపోతుందా?" అని అడిగింది. మేం మార్చింది ఏమిటో, అసలు ఎలా ఉండేదో చెప్పాను. ఆమె చేతిలోని పుస్తకం తెరిచి ఆఖరి పేజీ చూసింది. వెనక్కి రెండు పేజీలు తిప్పి చూసింది. "మీరు చెప్పింది చాలా బాగుంది. అది ఇందులో లేదు" అని పుస్తకం తిరిగి పెట్టేసి వెళ్లిపోయింది.

రాజేశానికి అల్ రయ్యాన్‌లో బోర్డుల కంపెనీలోనే మళ్లీ పని దొరికిందని స్వరూప చెప్పింది. నా పదవీ విరమణకు కొద్ది ముందు వెళ్లి కలిశాను. షెడ్డు నిండా ప్లాస్టిక్ అక్షరాలు. ఒక ఫార్మసీ బోర్డుకు అక్షరాలు అతికిస్తున్నాడు. చేతులు తుడుచుకుని కుర్చీ వేశాడు. పిల్లల గురించి, ఎండల గురించి మాట్లాడుకున్నాం. చివరికి ఉపాధ్యాయురాలి సంగతి చెప్పాను.

"అడిగిందా?" అన్నాడు.

"అడిగింది."

అతను లేచి బోర్డు మీద వంకరగా ఉన్న ఒక అక్షరాన్ని సరిచేశాడు. "బొమ్మల పని మళ్లీ చూస్తారా రాజేశం గారూ, ఎక్కడైనా ఖాళీ ఉంటే చెప్పనా?" అన్నాను. తల అడ్డంగా ఊపాడు.

"వద్దు మేడమ్. గిది నయం. మెడికల్ షాపు మెడికల్ షాపే, ఎవలు చదివినా." తర్వాత అన్నాడు. "ఆ దినం మీరు చూపియ్యకుంటె నాకు తెల్వకనే పోతుండె."

అది కృతజ్ఞతో నిష్ఠూరమో అతని గొంతునుబట్టి తెలియలేదు. అడగలేదు.

ఈ పనిలోకి వచ్చేవాళ్లకు నేను చెప్పగలిగింది ఇది. బొమ్మల కథలో రాత ఎంతో గీత కూడా అంతే. మాట తీసేస్తే ఖాళీ బెలూన్ మిగులుతుంది, ఎవరో ఒకరు గమనించి అడుగుతారు. గీత మారిస్తే పేజీ నిండుగానే కనిపిస్తుంది, ప్రూఫు దిద్దేవాళ్లకు కూడా తప్పు దొరకదు. కాబట్టి అర్థాన్ని మోసే గీతలేవో హక్కులు కొనేరోజునే ఒప్పందంలో పేరుపేరునా రాయించుకోవాలి. పని మొదలయ్యాక వాటిని కాపాడే బాధ్యత ఒక ఉద్యోగి మీద పడుతుంది. ఉద్యోగిని మార్చడం ఏ సంస్థకైనా తేలిక.