గొర్రెను భుజాన మోసిన వంట సిపాయి

తేజావత్ రాంజీ విమానంలోంచి ముప్పై ఒక్కసారి దూకాడు. ఆ సంగతి ప్రభుత్వ కాగితాల్లో ఉంది, అతని ఎడమ మోకాలికి తెలుసు, భార్య కమ్లీకి తెలుసు. బయ్యారం అవతల గుట్టల కింద ఉన్న తండాలో మాత్రం అతను వంట రాంజీ. కురవిలో మొక్కు తీర్చుకొని నలుగురికి అన్నం పెట్టేవాళ్లు, లింగాల ఘనపూర్‌లో పిల్ల పెండ్లి పెట్టుకున్నవాళ్లు, భూపాలపల్లిలో బొగ్గుబాయి నౌకరీ నుంచి దిగిపోతూ దావత్ ఇచ్చేవాళ్లు అతనికే ఫోన్ చేస్తారు. మిలిటరీలో చేసొచ్చిండట, ఐదు వందల మందికి వండినా ఉప్పు తప్పదట. అంతవరకే అతని పేరు.

విమానం మాటెత్తితే నవ్వుతారు. కిరాణం రాజయ్య అయితే కనపడినప్పుడల్లా అడుగుతాడు: "గంటె పట్టుకొని దూకినవా రాంజీ, గంజు నెత్తిన బోర్లించుకొని దూకినవా?"

"రెండూ నడుముకు కట్టుకొనే దూకిన్నే," అంటాడు రాంజీ. కోపం రాదు. రాజయ్య నవ్వితే తనూ నవ్వుతాడు. కమ్లీకే కడుపు మండుతుంది.

అసలు రాంజీ తుపాకీ పట్టడానికే బయల్దేరాడు. పందొమ్మిదేండ్లప్పుడు మహబూబాబాద్ స్టేషన్లో రైలెక్కి సికింద్రాబాద్‌లో దిగి, భర్తీ మైదానంలో అందరికంటే ముందు ఉరికాడు. ఉరుకుడులో మొదటివాడు, రాత పరీక్షలో మాత్రం వెనకవాడు. బల్ల అవతలి హవల్దారు, వంట పనిలో ఒక ఖాళీ ఉంది, కావాలా వద్దా అన్నాడు. అమ్మకు జ్వరమొచ్చినప్పుడు జొన్నరొట్టె కాల్చడం తప్ప వంట తెలియని పిల్లవాడు కావాలన్నాడు. ఇంటికి పోయి ఉత్త చేతులు చూపించడం అతనికి ఇష్టం లేదు.

పంపింది మాత్రం మామూలు పటాలానికి కాదు. ఎర్ర టోపీల కమాండో దళం. ఆ దళంలో ఒక పట్టింపు ఉంది: మంగలి కానీ, చాకలి కానీ, వంటవాడు కానీ, ఆ టోపీ పెట్టాలంటే తుపాకీ సిపాయి పడిన కష్టమంతా పడాల్సిందే. మూట వీపున వేసుకొని రాత్రనక పగలనక నడవాలి, చలి నీళ్లల్లో మునగాలి, విమానం తలుపు దగ్గర నిలబడి కిందికి చూడాలి. రాంజీతో పోయిన పదకొండు మంది వంటవాళ్లలో తొమ్మిది మంది మామూలు పటాలమే నయమని వెళ్లిపోయారు. రాంజీ మిగిలాడు. ఎందుకు మిగిలావని ఇప్పటికీ ఎవరైనా అడిగితే, తిండి బాగుండె అంటాడు.

ఇక్కడ కాస్త పక్కదారి పట్టాలి. లంబాడాల పెద్దలు ఒకప్పుడు వేలకు వేల ఎడ్ల మీద ధాన్యం, ఉప్పు వేసుకొని దేశమంతా తిరిగినవాళ్లు. దక్కనుకు దండెత్తి వచ్చిన సైన్యాలకు గింజలు చేరవేసింది వాళ్లే. కోటల గురించి, ఫిరంగుల గురించి పుస్తకాలు రాసినవాళ్లు ఆ ఫిరంగుల దగ్గర నిలబడ్డవాళ్లు పొద్దున ఏం తిన్నారన్నది ఒక వాక్యంలో దాటేస్తారు. కడుపు నిండని సైన్యం మూడో రోజు ఇంటిదారి పడుతుంది. రాంజీకి ఆ చరిత్రంతా తెలియదు. అతను పదిహేడేండ్లు చేసింది మాత్రం అదే పని, ఎడ్లు లేకుండా.

ఆ పదిహేడో ఏడు, అంటే ఇప్పటికి నాలుగేండ్ల కింద, దళంలోంచి ముప్పై మందిని కిర్గిజ్‌స్తాన్ పంపారు. ఆ దేశమంటే ఇప్పుడు జనగామలో ఆటో తోలేవాళ్లకూ తెలుసు, మన పిల్లలు డాక్టరీ చదవడానికి పోయే చోటు. రాంజీకి అప్పుడు పేరు పలకడమే రాదు. అక్కడి కమాండోలూ మనవాళ్లూ కలిసి రెండు వారాలు మంచుకొండల్లో సాధన చేయాలి. వాళ్లు ఇంట్లో కిర్గిజ్ మాట్లాడతారు, కవాతులో రష్యన్. వాళ్ల దళాన్ని పిలిచే స్పెట్స్‌నాజ్ అన్న మాట కూడా రష్యన్ వాళ్లదే, ప్రత్యేకమైన పనులు చేసే దళం అని. సోవియట్ జెండా దిగి ముప్పై ఏండ్లు దాటినా ఆ మాట దిగలేదు, దానితోపాటు సోవియట్ సిపాయిలు తొడిగిన నీలం చారల బనీన్లూ దిగలేదు. మొదటి రోజు స్వాగతంగా వాళ్ల కుర్రాళ్లు నెత్తితో ఇటుకలు పగలగొట్టి చూపించారు. మనవాళ్లు చప్పట్లు కొట్టారు. రాంజీకి మాత్రం వీళ్లకు ఎన్ని రొట్టెలు పడతాయో అన్న లెక్కే తిరిగింది.

వాళ్ల వంట గుడారానికి పెద్ద మిర్లాన్. యాభై దాటిన మనిషి, ఒక కాలు కుంటి, మీసం తెల్లబడింది. యవ్వనంలో తనూ ఆ దళంలో దూకినవాడే. కాలు విరిగాక గంటె పట్టాడు. అందరూ అతన్ని బైకె అంటారు, మన దగ్గర అన్న అన్నట్టు. తన గుడారంలో ఇంకొకరి చెయ్యి పడనివ్వడు. చక్రాల మీది పెద్ద పొయ్యి, దాని ఉక్కు గంజు, వేలాడే గంటె, అన్నీ అతనివే. పన్నెండు రోజులు మనవాళ్లకు అతనే వండి పెట్టాడు: గోధుమరంగు గింజల జావ, మాంసం, బండెడు టీ. రాంజీ పక్కన నిలబడి ఉల్లిగడ్డలు కోశాడు. ఇద్దరికీ కలిపి ఇరవై రష్యన్ మాటలు, పది హిందీ మాటలు, మిగతాదంతా చేతులు. ఆ చేతులతోనే మిర్లాన్‌కు ముగ్గురు ఆడపిల్లలని, రాంజీకి ఒక్కతే బిడ్డ, పేరు నవ్య అని తెలిసిపోయింది.

పదమూడో రోజు మనవాళ్ల వంతు. రెండు దళాలు కలిపి డెబ్బై మంది, ఆ పైన రెండు వైపుల పెద్ద ఆఫీసర్లు. ఒంటిగంటకు భోజనం. పన్నెండు రోజులు తిన్న ఉప్పుకు బదులు తీర్చే పూట. మేజర్ సాబ్ పొద్దున్నే వచ్చి, "రాంజీ, మన ఇజ్జత్ ఇయ్యాల నీ గంటెలో ఉంది," అని పోయాడు. మిర్లాన్ మొదటిసారి తన గుడారం వదిలి బయట కుర్చీ వేసుకొని కూర్చున్నాడు.

రెండు గొర్రెలు. తోకల కింద కొవ్వు మూటలు వేలాడే ఆ దేశపు గొర్రెలు. ఒక కుర్ర సిపాయి వాటిని కోస్తుంటే రాంజీ గిన్నె పట్టి నెత్తురు పట్టాడు, ఉప్పేసి గిలకొట్టాడు. తండాలో యాట తెగితే నెత్తురు నేలపాలు కానివ్వరు. బోటి, కార్జం సన్నగా తరిగి, ఆ నెత్తురులో ఉడికించి, కారం పట్టించి సళోయి చేస్తారు. పెండ్లిలో పెద్దమనిషికి ముందు పెట్టేది అదే. కుర్ర సిపాయి, ఈయన నేల ఖరాబు కాకుండా చూస్తున్నాడనుకొని బొటనవేలు ఎత్తి మెచ్చుకున్నాడు.

వాళ్లు ముస్లింలని రాంజీకి తెలియక కాదు. బయ్యారం సంతలో యాటకూర అమ్మే సాయిబు నెత్తురును తండా ఆడవాళ్ల కోసమే పక్కన పెడతాడు, తను ముట్టడు. అదీ తెలుసు. కానీ వీళ్లకు గడ్డాల్లేవు, రష్యన్ మాట్లాడుతున్నారు, పండుగ పూట వోడ్కా తాగుతున్నారు. తాగేటోళ్లకు నెత్తురుతోని పంచాయితీ ఏముంటది అనుకున్నాడు. ఇంకో పని కూడా చేశాడు. పెద్ద గంజులో మాంసం పులుసు పల్చగా అనిపించింది. తండాలో చిక్కదనానికి ఏం చేస్తారో అదే చేశాడు, సళోయి గిన్నెలోంచి రెండు గంటెలు తీసి పెద్ద గంజులో పోసి కలిపాడు.

ఆ తర్వాత ఒక చిన్న గిన్నెలో సళోయి తీసుకొని మిర్లాన్ దగ్గరికి పోయాడు. పెద్దమనిషి ముందు రుచి చూడాలి. మిర్లాన్ వాసన పీల్చి కండ్లు మూశాడు, బాగుందన్నట్టు తలూపాడు, చెంచా ముంచి, ఏమిటిదని అడిగాడు. రాంజీ మెడ మీద చేతి అంచు ఆనించి, క్రోవ్ అన్నాడు. రష్యన్‌లో నెత్తురు.

చెంచా నోటి దగ్గర ఆగింది. మిర్లాన్ దాన్ని నెమ్మదిగా గిన్నెలో పెట్టి, గిన్నెను రాంజీ చేతికిచ్చాడు. మొహంలో కోపం లేదు. మాకు కూడదు, మీవాళ్లు తినండి, ఫరవాలేదు అని చేతులతో చెప్పాడు. లేచి తనే సళోయి గిన్నెను తీసుకుపోయి దూరంగా వేరే బల్ల మీద పెట్టాడు. పెద్ద గంజు వైపు చూసి, అది మా అందరికీ అన్నట్టు వేలితో చుట్టూ గుండ్రంగా గీసి, మళ్లీ కుర్చీలో కూర్చున్నాడు.

రాంజీ పొయ్యి ముందు నిలబడిపోయాడు. ఆ రెండు గంటెలు పోసింది ఎవరూ చూడలేదు. పులుసు ఎర్రగానే ఉంది, మసాలా వాసన తప్ప ఇంకేమీ రాదు. ఆఫీసర్లు వస్తారు, తింటారు, మెచ్చుకుంటారు, రేపు విమానం ఎక్కితే ఇక ఎవరు ఎవరో. దళంలో శాకాహారం తినే సిపాయిలకు రాంజీ ఎప్పుడూ వేరే గంటె పెట్టేవాడు, పిడికి తెల్ల దారం చుట్టి. పదిహేడేండ్లలో ఒక్కసారి కూడా ఒక గంటె ఇంకో గంజులో పడలేదు. అడగకుండా నమ్మి తినేవాళ్లకు వండటమే తన నౌకరీ అని అతనికి ఎవరూ చెప్పలేదు, చేతులకు అలా అలవాటైపోయింది అంతే. అతను గంజు కింద మంట తగ్గించి, మూత పెట్టాడు.

గడియారం పదకొండుకు ఐదు నిమిషాలు తక్కువ చూపిస్తోంది. రాంజీ గంటె తీసుకొని మిర్లాన్ ముందుకు పోయాడు. సళోయి గిన్నె చూపించాడు, గంటె చూపించాడు, పెద్ద గంజు చూపించాడు. రెండు వేళ్లు ఎత్తాడు. "క్రోవ్, బైకె. అందులో కూడా. నేనే పోసిన."

చివరి మాటలు తెలుగులోనే వచ్చాయి. మిర్లాన్‌కు అర్థం కావడానికి అవి అక్కర్లేదు. అతను గంజు వైపు చూశాడు, రాంజీ వైపు చూశాడు. ఆ చూపు ఎంతసేపు ఉందని అడిగితే, విమానం తలుపు దగ్గర నిలబడినంతసేపు అంటాడు రాంజీ. అప్పుడు మిర్లాన్ లేచి, గడియారం మీద వేలితో కొట్టి, కొండ మీదికి చెయ్యి చాపాడు. పైన, మంచు మొదలయ్యే చోట, ఒక గొర్రెలకాపరి తెల్ల గుడారం. దారి రెండు కిలోమీటర్లు ఉంటుంది. బండ్లన్నీ సాధన మైదానంలో ఉన్నాయి. మిర్లాన్ కుంటి కాలు తట్టుకొని, రాంజీ కాళ్ల వైపు చూపించాడు.

రాంజీ ఉరికాడు. సికింద్రాబాద్ మైదానం తర్వాత అంత ప్రాణం పెట్టి ఉరికింది అదే. నడుముకు అప్రాన్ అట్లాగే ఉంది. పైన కాపరికి మిర్లాన్ పేరు చెప్తే చాలింది, బలిసిన గొర్రెను ఎన్నుకొని ఇచ్చాడు. అది నడవనంటే నడవనంది. దాన్ని ఎత్తి మెడ చుట్టూ వేసుకొని, ముందు రెండు కాళ్లు ఒక చేత్తో, వెనక రెండు ఇంకో చేత్తో పట్టుకొని దిగడం మొదలుపెట్టాడు.

సగం దారిలో వాళ్ల కమాండోలు ఎదురయ్యారు. ఇటుకలు పగలగొట్టిన కుర్రాళ్లే, పొద్దుటి సాధన ముగించి దిగుతున్నారు. ఒకడు గొర్రెను నాకివ్వమని చేతులు చాపాడు. రాంజీ ఇవ్వలేదు. ఇంకొకడు అడిగాడు, ఇవ్వలేదు. ఎందుకిట్ల ఉరుకుతున్నాడో ఎవరికీ తెలియదు, అడిగేంత భాషా లేదు. అయినా ఆ పదిహేను మంది తుపాకులు వీపున వేసుకొని అతని చుట్టూ ఉరకడం మొదలుపెట్టారు. కవాతు పాట ఎత్తుకున్నారు. పాటకు అడుగు కలిసింది. కింద నిలబడి చూస్తున్న మేజర్ సాబ్‌కు కొండ మీదినుంచి ఒక పటాలం, దాని ముందు అప్రాన్ కట్టుకున్న గొర్రెతల మనిషి దిగి వస్తున్నట్టు కనిపించిందట.

రాంజీ ఆయన ముందు ఆగి, ఎగశ్వాసతోనే సంగతి చెప్పాడు. భోజనం గంటన్నర ఆలస్యమైతది సాబ్, తప్పు నాది.

మేజర్ గొర్రెను చూశాడు, రాంజీని చూశాడు. "ముందు దాన్ని దించు," అన్నాడు. "అది నీకంటే ఎక్కువ పరేషాన్ అయింది."

ఆ తర్వాత పని ఎట్లా సాగిందో రాంజీకి పెద్దగా గుర్తు లేదు. మిర్లాన్ అప్పటికే రెండో గంజు కడిగించి, నీళ్లు మరిగించి, ఆలుగడ్డలు కోసి పెట్టాడు. కోయడం వాళ్ల పద్ధతిలో మిర్లాన్ చేశాడు, కారం రాంజీ వేశాడు. రెండున్నరకు బల్లలు వేశారు. మిర్లాన్ అందరి ముందు లేచి రష్యన్‌లో జరిగిందంతా చెప్పాడు, గంటె ఎత్తి చూపించాడు, రాంజీ భుజం మీద చెయ్యి వేశాడు. దుబాసీ చెప్పేలోపే వాళ్ల బల్లల దగ్గరివాళ్లంతా కాళ్లతో నేల దద్దరిల్లించారు. వాళ్లు కొత్త గంజు ఖాళీ చేశారు. మనవాళ్లు ముప్పై మంది మొదటి గంజు, సళోయి, గిన్నె అడుగున అంటిన కారం కూడా మిగల్చకుండా తిని, లేవలేక అక్కడే పడుకున్నారు.

ఈ కథ కమ్లీ వంద సార్లు విని ఉంటుంది. మొన్న కురవిలో దావత్ వంట చేస్తుంటే, రాజయ్య మళ్లీ గంజు నెత్తిన పెట్టుకొని దూకినవా అన్నప్పుడు, ఆమే ఉల్లిగడ్డలు కోసుకుంటూ మొత్తం చెప్పింది. రాజయ్య విన్నాడు. అయితే మెడల్ ఇచ్చిండ్రా అన్నాడు.

మెడల్ ఇయ్యలేదు. తెల్లారి జరిగిందే చెప్పింది కమ్లీ. పద్నాలుగో రోజు, ప్రయాణం రోజు, రాంజీ ఆరు గంటలకు లేచి వంట గుడారానికి పోతే అక్కడ ఎవరూ లేరు. పొయ్యి రాజేసి ఉంది. నీళ్లు నింపి ఉన్నాయి. వాళ్ల కుర్రాళ్లు నలభై మంది పళ్లేలు పట్టుకొని వరసగా నిలబడి ఉన్నారు. మిర్లాన్ ఏడని అడిగితే, బైకె పడుకున్నాడు, ఇయ్యాల నువ్వు పెడతావని చెప్పాడు అన్నారు. ఎనిమిది దాటేదాకా అతను గుడారం వైపు రాలేదు. రాంజీ వాళ్లకు ఉప్మా చేసి పెట్టాడు. ఏమిటిదని ఒక్కరూ అడగలేదు.