అడక్కుండా తీసుకున్న చేతులు

వీధిలో అందరూ ఆమెను టైలరమ్మ అనేవారు. ముందుగదిలో కుట్టుమిషను, కత్తిరించిన గుడ్డపీలికలు, ఎప్పుడూ ఎవరో ఒకరి కబుర్లు. భర్త మాత్రం నోట్లో నాలుక లేని మనిషి. అడిగితే ఒక ముక్క, అడక్కపోతే అదీ లేదు. యానిమేషన్ సినిమాల కంపెనీలో బొమ్మలకు కదలికలిచ్చే పని ఆయనది.

ఈసారి సినిమాలో ఓ చిన్నపిల్లకు తోడుగా మరమనిషి ఉంది. అది మాట్లాడుతుంది, ఆలోచిస్తుంది, ముఖం మాత్రం లేదు. పిల్లంటే దానికెంత ప్రాణమో చేతులతోనే చూపించాలి. ఆ పని ఆయన మీద పడింది.

విడుదలకు ముందు సిబ్బంది కుటుంబాలకు వేసిన ఆటకి ఆమె ముచ్చటపడి వెళ్లింది. పిల్ల ఇక లేదని తెలిసే ఘట్టం వచ్చింది. మరమనిషి పిల్ల గౌనుని ఒళ్లో పెట్టుకుని, దాని అంచుని మడిచింది, విప్పింది, బొటనవేలితో గీత దిద్ది మళ్లీ మడిచింది. హాలంతా కళ్లు తుడుచుకుంది. ఆమె తన చేతుల వంక చూసుకుంది.

తమ్ముడు పోయాడని ఫోనొచ్చిన రోజు, కుడుతున్న గుడ్డతో తను చేసింది అదే. అప్పుడు ఈయన గుమ్మంలోనే నిలబడిపోయాడు. బాధతో కాళ్లాడలేదేమో అనుకుని, ఎవరేమన్నా ఇన్నాళ్లూ ఆయన్నే వెనకేసుకొచ్చింది.

ఇంటికొచ్చాక చెప్పులైనా విప్పకుండా అడిగింది.

"ఆ రోజు నా చేతులు చూస్తూ నిలబడ్డారా?"

ఆయన బుకాయించలేదు. "చూశాను."

"దగ్గరికి రావాలనిపించలేదా?"

"అనిపించింది. వచ్చి ఏం చెయ్యాలో తెలియలేదు. నాకు చూడ్డమొక్కటే వచ్చు."

"ఆ ఇనపముక్క బాధకి హాలంతా ఏడ్చింది. నా బాధ చూసింది మీరొక్కరే. మీరేమో కొలతలు తీసుకున్నారు."



సినిమా బాగా ఆడింది. బట్టలు కుట్టించుకోడానికి వచ్చినవాళ్లు, "మనుషులకంటే ఆ మరబొమ్మే నయం" అనుకునేవారు. ఆమె తలెత్తకుండా కుట్టుకునేది. ఆయన గదిలోకి వస్తే మాత్రం చేతిలో పని పక్కన పెట్టేసేది. మొదట్లో ఆయనకు అర్థం కాలేదు. అర్థమయ్యాక ఆ గది గుమ్మం తొక్కడమే మానేశాడు.

అలా చాలా రోజులు గడిచాక, ఒక ఆదివారం స్టూలు లాక్కుని ఆమెకు ఎదురుగా కూర్చున్నాడు.

"మీ తమ్ముడి గురించి ఏదైనా చెప్పు" అన్నాడు.

"ఇప్పుడు ఏ సినిమాకి?"

మాట సూదిలా దిగింది. ఆయన తల దించుకున్నాడు కానీ లేచిపోలేదు.

"వాడికి ఈల వెయ్యడం చేతకాదు" అంది చివరికి. "ఎంత నేర్పినా ఉత్త గాలే వచ్చేది."

ఇంకో రెండు మాటలు చెప్పింది. చెబుతున్నంతసేపూ ఆయన చూపు ఎటు పోతోందోనని ఒక కంట కనిపెడుతూనే ఉంది.