రాయికి తగలని నీడ

పెనుకొండ లైబ్రరీలో వెనక కిటికీ పక్కనున్న బల్ల మాది. ఆదివారాలు ముగ్గురం అక్కడ కూర్చునేవాళ్లం. ఒకాయన హిందూపురం బస్టాండు దగ్గర గడియారాలు బాగుచేసే పెద్దాయన. ఇంకొకాయన ధర్మవరంలో పట్టుచీరలు నేస్తాడు. మూడో మనిషిని నేను, పెనుకొండలో జిరాక్సు షాపులో పనిచేసేదాన్ని. ముగ్గురికీ కాలమంటే పిచ్చి. అందుకే ఒక నోటుపుస్తకం కొని అట్ట మీద ‘కాల అకాడమీ’ అని రాసుకున్నాం. లోపల మొదటి పేజీలో ఆశయం రాశాం: కాలాన్ని చదవడం, వీలైతే మలచడం. ‘వీలైతే’ అన్నది గడియారాలాయన పట్టుబట్టి చేర్పించాడు.

నేను పదో తరగతితో ఆపేశాను. తర్వాత చదివిందంతా ఆ లైబ్రరీ బీరువాల్లోదే. దేశమంతటికీ ఒకే గడియారం కాబట్టి, మా పెనుకొండలో సూర్యుడు నడినెత్తికి వచ్చేది సుమారు పన్నెండూ ఇరవైకని నేనే లెక్కగట్టి చూపించాను. ఇద్దరూ ఆ పేజీ కింద సంతకాలు పెట్టారు. ఆ పేజీ ఇప్పటికీ తీసి చూసుకుంటాను.

మా అమ్మ కూలికి పోయే చేను రైలుకట్ట పక్కనే ఉంటుంది. ఆ చేలో పని ముగించడానికి ఎప్పటినుంచో ఒకటే గుర్తు. మధ్యాహ్నం రెండుకు ధర్మవరం పోయే ప్యాసింజరు దాటగానే ఆడవాళ్లు కొంగులు దులుపుకుని లేస్తారు. రెండుంపావుకు రోడ్డు మీదికి షేర్ ఆటో వస్తుంది. అది తప్పితే మా ఊరికి నాలుగు కిలోమీటర్లు నడక. అమ్మకు కుడి మోకాలు సరిగా మడతపడదు.

ఆ ఏడు బండి టైం మారి ముప్పావు గంట ఆలస్యంగా రాసాగింది. “రైలు పోయినాకనే గదా లేసేది, మాట మాటే,” అన్నాడు రైతు. ఫోన్లో టైం చూసుకుంటామంటే, “ఫోన్లు చేతికొస్తే ఇంగ కలుపు తీసినట్లే,” అని నవ్వాడట. వారం రోజులు అమ్మ నడిచే వచ్చింది. వచ్చిన ప్రతిసారీ మోకాలికి ఆముదం రాసి గుడ్డ కట్టేదాన్ని.

సంగతి అకాడమీలో పెట్టాను. “మలిచేదానికి ఇంతకన్నా మంచి కాలం మనకు యాడ దొరుకుతాదమ్మా?” అన్నాడు నేతాయన.

మరుసటి ఆదివారం లైబ్రరీ మాని చేనికి పోయాం. నేతాయన మగ్గం నుంచి తీసేసిన కర్ర ఒకటి తెచ్చి గట్టున పాతాడు. నిలువుగా ఉందో లేదోనని దారానికి చిన్న రాయి కట్టి వేలాడదీసి చూశాడు. గడియారాలాయన తన గడియారం చూస్తూ నిలబడి, సరిగ్గా రెండు కాగానే “ఊ!” అన్నాడు. నీడ కొస ఉన్నచోట నేను రాయి పెట్టించాను. కర్రకు తూర్పున, పీట అంత రాయి. “నీడ దీనికి తగిలితే లేయొచ్చు,” అన్నాను. రైతు రైలూ నీడా ఒకటేలే అని ఒప్పుకున్నాడు.

అది శ్రావణం. కలుపు పదిహేను రోజుల్లో అయిపోయింది. అన్ని రోజులూ అమ్మ ఆటోలోనే వచ్చింది. నీడ రోజుకింత పక్కకు జరిగేదేమో, రాయి పెద్దది కాబట్టి ఎవరం గమనించలేదు. నోటుపుస్తకంలో ‘సాధించాం’ అని రాసి ముగ్గురం టీ తాగాం.

కార్తీకంలో శెనక్కాయ చెట్టు పెరికేదానికి మళ్లీ అదే చేనుకు పిలిచారు. మొదటిరోజు అమ్మ పొద్దుగూకే వేళకు కుంటుకుంటూ ఇల్లు చేరింది.

“ఏమైందమ్మా?”

“మీ రాయినే అడుగుపో. నీడ దాని తట్టుకే రాలా. ఉత్తరంగా తిరుక్కోని పాయ. మీ పాప పెట్టిన రాయే గదా, తగలనీ, తగిలినాకనే లేయండి అన్యాడు ఆయప్ప.”

ఈ నెలల్లో సూర్యుడు దక్షిణానికి జరుగుతూ పోతాడని నాకు తెలియక కాదు. పరీక్ష పెడితే రాయగలను. మేం పాతిన కర్రకు కూడా అది వర్తిస్తుందని తోచలేదు, అంతే. పుస్తకంలో నీడగడియారాల అధ్యాయం నాకు కావలసిన పేజీ దాకా చదివి, మిగతాది మళ్లీ చూద్దాంలే అని వదిలేశాను.

అమ్మ మోకాలు చూసుకుంటూ అంది: “శ్రావణంలో మూడడుగులు, కార్తీకంలో ఆరు. ఇదీ తెలీదా మీ అకాడమీకి?”

ఎవరి నీడను వాళ్లు తమ పాదంతోనే కొలుచుకోవాలట. రెండు గంటల నీడకు నెలకో లెక్క. వాళ్ల అవ్వ నేర్పిందట.

“మరి అప్పుడే చెప్పొచ్చు గదా?”

“నువ్వు అడిగితివా? ముగ్గురూ దారం, రాయి, గడియారం పెట్టుకోని అంత పని చేస్తాంటే, సదువుకున్నోళ్లు ఇంకా మంచిదేదో కనుక్కున్యారనుకుంటి.”

మరునాడు షాపుకు సెలవు పెట్టి అమ్మతో పోయాను. రెండు కావస్తుండగా రైతుకు సంగతి చెప్పాను. ఆయన మమ్మల్నిద్దరినీ ఎగాదిగా చూశాడు.

“నేను పొడుగు మనిషిని, మీ అమ్మ పొట్టి. ఎవురి నీడ లెక్కమ్మా?”

“పొడుగోనికి పాదమూ పొడుగే గదన్నా. నీ నీడ నువ్వే కొలుచుకో,” అంది అమ్మ.

ఆయన చెప్పులు విడిచి నిలబడ్డాడు. నీడ కొస దగ్గర నేను పుల్లతో గీత గీశాక, దాని దాకా అడుగు వెనక అడుగు పెట్టసాగాడు. ఆడవాళ్లంతా పని ఆపి లెక్కపెట్టారు.

“ఒగటి, రెండు... ఎడం ఇయ్యొద్దన్నా, మడిమకు ఏలు ఆనించు!”

“దొంగడుగులు ఏస్తాండాడు సూడండే!”

ఆరు దగ్గర ఆగాడు. అమ్మ కొలుచుకుంది. ఆరే. ఆయన జేబులో నుంచి ఫోను తీశాడు. రెండు దాటి రెండు నిమిషాలు.

“సరే, చెట్టు పెరికేది అయ్యేవరకు ఆరడుగులే. పోండి పోండి,” అన్నాడు.

ఆడవాళ్లు సంచులు తీసుకుని రోడ్డు వైపు బయలుదేరారు. అందరికంటే ముందు అమ్మ, కుంటుతూనే వడివడిగా. నేను మా కర్ర పెరుకుదామని ఆగిపోయాను. నేతాయన బలంగా పాతినట్టున్నాడు, ఒక పట్టాన రాలేదు. అది చేతికొచ్చేసరికి రోడ్డు మీద ఆటో కదిలింది. ముందు సీట్లో అంచున కూర్చున్న అమ్మ నన్ను చూసి చెయ్యి ఊపింది. ఆటో మాత్రం ఆగలేదు.

కర్ర భుజాన వేసుకుని కట్ట పక్కన నడవడం మొదలుపెట్టాను. సగం దారిలో ఉండగా ధర్మవరం ప్యాసింజరు నన్ను దాటిపోయింది.